దొరసాని గుంట

పదకొండు దినాలు తోడినా.
ఇరవై గుర్రాల మోటరు, ఆరంగుళాల పైపు,
సైదాపురం దాటినాక ఎడం పక్క, కంపచెట్ల నడమ
దొరలు తవ్వి వదిలేసిన అబ్రకం గుంట.
నీళ్ళు దిగేకొద్దీ గోడమీద బొగ్గుతో గీత గీస్తా వచ్చినా.
పన్నెండోనాడు, ఇంకా తెల్లారలా,
గీత పెట్టబోతే గోడ లేదు.

గోడ ఉండాల్సిన కాడ పలుగు.
చేలో కాలికి గుచ్చుకునే పలుగు కాదు,
ఆరు పలకలు తేలి, తాటిచెట్టంత,
వాన కురవడం మరిచిపోయి
నిటారుగా నిలబడిపోయినట్టు.
లెక్కపెట్టబోయి నలభై కాడ ఆపేసినా.
నలభై ఒకటోది
నన్ను లెక్కపెడతా ఉండాది.

వాటి సందున అబ్రకం బుక్కులు.
మేం బుక్కులనే అంటాం,
పొరలు పుటలు మాదిర లేస్తాయి గదా.
వాకిలి తలుపంత బుక్కులు,
ఎవురో చదవతా చదవతా
అన్నానికి లేచిపోయినట్టు.

పైనించి కాంట్రాక్టరు దశరథరామిరెడ్డి కేకేసినాడు:
"ఏందిరా పెంచలా, అడుగు తగిలిందా?"
తగిలిందన్నా.
ఎవురి అడుగో చెప్పలా.

అప్పుడే కరెంటు పోయింది.
మోటరు ఆగినాక ఇనబడింది.
కొళాయి కింద బిందె నిండబోతా
గొంతు మారుస్తది చూడు,
ఆ మారే గడియ ఒక్కటే
ముందుకు పోకుండా, వెనక్కి రాకుండా
గుంటంతా.

మస్తానమ్మను పిలిపించినారు.
కలిచేడు షెడ్డులో ముప్పై ఏళ్ళు పొరలు చీల్చిన చెయ్యి.
కుడి బొటనవేలికి గోరు లేదు,
ఆడ ఒక మెరుపు ఉండాది, ఎంత కడిగినా పోదు.
ఇనప తొట్టిలో కూచోబెట్టి దింపితే
పలుగుల వంక కన్నెత్తి చూళ్ళా.
బుక్కు అంచు తడిమి, "పచ్చిగుండాది," అనింది.
అన్నా కత్తి ఆనించింది.
పాలమీద మీగడ లేపినట్టు
ఒక్క పొర లేపింది.

ఆ పొరలో ఆకాశం వంకాయ రంగు.
పొద్దులు రెండు, ఒకటి కుంటిది,
రెండోదాని భుజం పట్టుకోని నడస్తా ఉండాది.
వాన నేలమీంచి పైకి కురస్తా ఉండాది.
ఒక గట్టు. గట్టుమీద ఎవుడో
మోటరు పక్కన, మోటరు లాంటిదే, దానికి ఈకలుండాయి,
బోర్లా పడుకోని గుంటలోకి తొంగి చూస్తా ఉండాడు.

వాడి గుంటలో
తాటిచెట్టంత పొడుగున, ఆరు పలకలు తేలి
నేను.
నా పక్కన ధగధగమంటా మస్తానమ్మ.

వాడి వెనక నించి ఒక ముసల్ది ముందుకొచ్చింది.
రొంటిన కత్తి తీసింది.
మా మీద ఆనించింది.
నా ఈపున, పైనించి కిందికి
సన్నగా చలి దిగింది.

ఈడ మస్తానమ్మ కత్తి దించింది.
ఆడ ఆమె దించింది.
ముందు ఎవురు దించినారో
ఈ పొద్దుకీ చెప్పలేను.

పొర అంచుకి ఉమ్మి రాసి
కవరు అంటించినట్టు అంటించేసింది.
"పద," అనింది. అంతే.
తొట్టిలో పైకొస్తా వక్క అడిగింది.
నా కాడ లేదు.

కాయిలు కాలిపోయిందని చెప్పినా.
కాల్చింది నేనే.
మెకానిక్కు రాపూరు నించి వచ్చేలోపల
మూడు దినాల్లో
బొగ్గు గీతలన్నీ ఒకటొకటే మునిగినాయి.

ఇప్పుడు గూడూరు కాడ నిమ్మతోటలో మోటరు చూసుకుంటా.
జీతం తక్కువ, దోమలు ఎక్కువ.
మస్తానమ్మ పోయిన ఎండాకాలం పోయింది.
కాల్చినాక బూడిదలో మెరిసింది అంటారు,
నేను పోలా, చూళ్ళా.
రేత్రిళ్ళు కరెంటు పోతే పైపుకి చెవి ఆనిస్తా.
నిండబోయే బిందె,
ఇంకా నిండలా.

ఒకటే దిగులు నాకు.
ఆ పక్కోడికి కూడా ఒక కాంట్రాక్టరు ఉంటాడు గదా,
మోటరు కాలిందని వాడు చెప్పినాడో లేదో.
అడగాలంటే
మళ్ళీ తోడాల.